ఏ మిషను, వదినా?

మేడ మీది ఇల్లు,
వంటగది బల్ల దగ్గర.

గడబిడకి,

మీ వదిన రాయునది. ఇక్కడ అందరం క్షేమం, నువ్వు పంపిన కాఫీ మిషను తప్ప.

అక్షరాలు కోటు బొత్తాలంత ఉన్నాయని నవ్వకు. కుడిచేత్తో రాస్తున్నాను. ఆసుపత్రిలో నా చేతికి వ్యాయామం చేయించే అమ్మాయి, ఫోన్లు మానేసి ఎవరికైనా ఉత్తరాలు రాయండి, పడిపోయిన వేళ్ళు మళ్ళీ దారికొస్తాయి అంది. ఆవిడ నీక్కూడా చెప్పినట్టుంది. అప్పట్నుంచీ ఎన్నిసార్లు ఫోన్ చేసినా ఎత్తడం లేదు నువ్వు. మొండిఘటం.

మిషను సంగతి. పాడ్ పెట్టి, మీట దించి, నొక్కితే అర కప్పు వచ్చి ఆగిపోతోంది. ఆ అర కప్పు కూడా జలుబు చేసిన ముక్కులా చుక్క చుక్కగా కారుతోంది. పాడు మిషను అని తిడితే మీ అన్నయ్య, "పాడ్ మిషనే కదా" అన్నాడు. ఆయన హాస్యానికి నవ్వలేక చచ్చాను.

పొయ్యి దగ్గరికి నన్ను రానివ్వడం లేదు. వేడి గిన్నె జారుతుందట. ఈ మిషనుకి గిన్నె ఎత్తే పని లేదు కాబట్టి ఒప్పుకున్నాడు. ఇది కూడా పోతే వంటగదిలో నాకు పనే ఉండదు. ఏం చెయ్యాలో రాయి.

చెయ్యి నొప్పెడుతోంది. ఆపుతున్నాను.

నీ వదిన

*

పళ్ళ ఆసుపత్రి,
రోగులు పేర్లు చెప్పుకునే బల్ల వెనక.

మా వదినమ్మ సన్నిధికి,

కోటు బొత్తాలంత అక్షరాలు ఎంత ముద్దుగా ఉన్నాయో! ఒక్క "ళ" మాత్రం తొక్క ఒలిచిన నారింజలా ఉంది. సర్దుకుంటుందిలే.

నీ మిషను లాంటిదే మా ఆసుపత్రిలోనూ ఉంది. దాని ఆలనాపాలనా నాదే. మా డాక్టరు, కాఫీ తాగొద్దు పళ్ళకు గార పడుతుంది అని రోగులకు చెప్పి, లోపలికెళ్ళి రెండు కప్పులు లాగిస్తాడు. కాబట్టి ఈ మిషను రోగాలన్నీ నాకు తెలుసు. ఇప్పుడు శ్రద్ధగా విను.

పాడ్ అంటే పెద్ద బ్రహ్మవిద్య కాదు. కాఫీపొడి పోసి మూత అంటించిన చిన్న గిన్నె. మీట దించగానే పైనున్న సూది ఆ మూతలో గుచ్చుకుంటుంది. ఆ సూది బోలుగా ఉంటుంది. దాని లోపల్నుంచి వేడినీళ్ళు పాడ్‌లోకి దిగుతాయి. అడుగున ఇంకో సూది చేసిన కంతలోంచి కాఫీ కప్పులో పడుతుంది. సూదిలో పొడి నలుసు ఇరుక్కుందనుకో, అర కప్పే వస్తుంది. ప్లగ్గు పీకి, చల్లారనిచ్చి, మూతెత్తి, సన్నటి తీగతో రెండు సూదుల కంతలూ శుభ్రం చెయ్యి. తర్వాత పాడ్ పెట్టకుండా ఉత్త నీళ్ళు ఒకసారి పోనివ్వు. సూదుల మధ్య పుట్టి పెరిగినదానివి, నీకు చెప్పాలా!

ఇంకో ముఖ్యమైన సంగతి. మిషను తేలిక, బల్ల మీద జారుతుంది. అందుకని ఎడమచేత్తో దాన్ని ఒడిసిపట్టుకుని, మీట కుడిచేత్తోనే దించాలి. ఈ రకం మిషన్లన్నీ కుడిచేతివే. ఎడమచేత్తో దించితే కీలు అరిగిపోతుంది. గుర్తుపెట్టుకో. మర్చిపోయావంటే మిషను పాడైన పాపం నీదే.

నీ కుట్టు షాపు ఎప్పుడు తెరుస్తున్నావు? నా నీలం కోటు చంకల దగ్గర చిరిగింది. ఇంకెవరి చేతికీ ఇవ్వను.

నీ గడబిడ

*

అదే వంటగది,
అదే బల్ల.

ఒసే గడబిడా,

నువ్వు సూది అనగానే నా ప్రాణం లేచొచ్చింది. తీగ ఎందుకు, నా డబ్బాలో సూదిలో దారమెక్కించే సన్నకొక్కెం ఉంది కదా! అది పెట్టి తిప్పాను. పైసూది లోపల్నుంచి తడిపొడి ముద్ద ఊడొచ్చింది. కిందిది కూడా తుడిచాను. తర్వాత అలవాటు ఊరుకోదు కదా. ఏ మిషనైనా తుడిచాక ఒక చుక్క నూనె వెయ్యకపోతే నా చేతులకు తోచదు. సూదికి ఒక చుక్క, కీలుకి ఒక చుక్క, పైన పుణ్యానికి ఇంకో చుక్క. కుట్టు మిషను నూనె.

మీట దించాను. ఎడమచేత్తో మిషను పట్టుకుని, కుడిచేత్తోనే. నువ్వు చెప్పినట్టే. మొదట వేళ్ళు మాట వినలేదు. మణికట్టు మీద మోచేతి బరువంతా వేస్తే "టక్" అంది. కాఫీ నిండుగా వచ్చింది. నిండు కప్పు! నురగతో సహా!

గర్వంగా పట్టుకెళ్ళి మీ అన్నయ్యకిచ్చాను. అడుగు దాకా తాగి, కప్పు కిందపెట్టి, "బాగుంది" అన్నాడు.

నా కప్పు నోట్లో పెట్టుకున్నాను. పరుగెత్తి సింకులో ఉమ్మేశాను. కుట్టు మిషనుని నాకినట్టుంది.

గడబిడా, నాకు నవ్వు రాలేదు. నీకు తెలుసు కదా మీ అన్నయ్య సంగతి. పెళ్ళైనప్పట్నుంచీ నా కాఫీకి వంక పెట్టని పూట లేదు. పంచదార ఎక్కువైంది, వేడి చాల్లేదు, కప్పు అంచు చిట్లింది, ఏదో ఒకటి. చొక్కా కుట్టిస్తే మెడ పట్టేసింది అంటాడు, వదులు చేస్తే గాలి దూరుతోంది అంటాడు. పోట్లాడుకోవడమే మా ఇంటి సందడి. ఈ చెయ్యి పడిపోయాక అన్నీ బాగున్నాయంటాడు. ఉప్పు లేని కూర బాగుంది. నేను వంకరగా పెట్టుకున్న బొత్తాం బాగుంది. నూనె కాఫీ కూడా బాగుంది. అన్నీ బాగున్నాయంటే ఏమిటర్థం? నా మీద ఆశ వదిలేసుకున్నాడని కదా? చిన్నపిల్ల గీసిన బొమ్మని మెచ్చుకున్నట్టు మెచ్చుకుంటున్నాడు నన్ను.

కాని ఒక మంచి మాట. నిన్న వరండాలో ఫోన్లో ఎవరితోనో, "ఆ మిషను తీసుకుపోండి, ఇంక దాంతో మాకు పని లేదు" అంటుంటే విన్నాను. చూశావా! నోటితో బాగుందన్నా లోపల మండిందన్నమాట. నూనె కాఫీ నచ్చలేదు! ఎంత సంతోషమేసిందో చెప్పలేను. పాపం, నీ మిషను మీద కోపం నా మొహాన చూపించలేక చాటుగా పారేయిస్తున్నాడు. ఆపనులే. మళ్ళీ కసురుకునేదాకా ఇంకో నాలుగు చెత్త కాఫీలు తాగిస్తాను.

వాసన ఎలా పోగొట్టాలో చెప్పు.

నీ వదిన

*

పళ్ళ ఆసుపత్రి,
భోజనాల వేళ.

వదినా,

"పుణ్యానికి ఇంకో చుక్క" దగ్గర ఎంత గట్టిగా నవ్వానంటే, లోపల నోరు తెరిచి పడుకున్న రోగి కూడా నవ్వాడట. డాక్టరు చిరాకుగా బయటికొచ్చి చూశాడు. ఉత్తరం చదివి వినిపించాను. ఆయన కూడా నవ్వి, మా మిషను వైపు అనుమానంగా చూసి వెళ్ళాడు.

కాఫీ మిషనుకి నూనె వెయ్యకూడదమ్మా. దానికి నీళ్ళే నూనె. పాడ్ పెట్టే గిన్నె ఊడదీసి సబ్బుతో కడుగు. తర్వాత పాడ్ లేకుండా వేడినీళ్ళు పోనివ్వు, వాసన పోయేదాకా మళ్ళీ మళ్ళీ. ప్రతిసారీ మీట ఎత్తి దించాలి. అవును, ప్రతిసారీ. కుడిచేత్తో. విసుక్కోకు.

ఇప్పుడు నవ్వు పక్కన పెట్టి అడుగుతున్నాను. అన్నయ్య తీసుకుపొమ్మన్నది ఏ మిషను, వదినా?

కాఫీ మిషను నేనిచ్చింది. నన్నడక్కుండా నా వస్తువు బయటికి పంపే ధైర్యం అన్నయ్యకి చిన్నప్పట్నుంచీ లేదు. నా విరిగిన బొమ్మని పారేసినందుకు ఒకసారి ఎంత గోల చేశానో ఆయనకింకా గుర్తే. మీ ఇంట్లో ఉత్తినే "మిషను" అంటే ఎప్పుడూ ఒక్కటే. నువ్వే మర్చిపోయావు, నేను మర్చిపోలేదు.

షాపుకి వెళ్ళి చూడు. వెంటనే.

గడబిడ

*

ఇంట్లోనే,
కిటికీ దగ్గర కుర్చీలో.

గడబిడకి,

నువ్వన్నది నిజం.

కూరలు తెస్తానని చెప్పి షాపుకి వెళ్ళాను. వీధి చివరేగా, నడవగలను. తాళం తీస్తే గుడ్డ వాసన, సుద్ద వాసన మొహానికి కొట్టింది. కత్తిరించే బల్ల మీద, చెయ్యి పడిపోయిన రోజు నేను సుద్దతో గీసి వదిలేసిన కోటు వీపు ముక్క అలాగే ఉంది. కత్తెర తెరిచినట్టే ఉంది. ఒక్క నా మిషను మాత్రం శుభ్రంగా తుడిచి, తెల్లటి దుప్పటి కప్పి ఉంది. మీ అన్నయ్య పనే. అంత్యక్రియలకి సిద్ధం చేసినట్టుంది.

షాపు అద్దెకిచ్చిన యజమాని మెట్లు దిగొచ్చి, "మీ ఆయన ఖాళీ చేస్తామన్నారు కదమ్మా, ఆదివారం ఇంటికొచ్చి తాళంచెవి తీసుకుంటాను. చెప్పుల దుకాణం వాళ్ళు అడుగుతున్నారు" అన్నాడు. మంచివాడే. నా చెయ్యి వైపు చూడకుండా జాగ్రత్తగా గోడవైపు చూస్తూ మాట్లాడాడు. అదింకా బాధేసింది.

ఆయన వెళ్ళాక దుప్పటి తీశాను. కుర్చీలో కూర్చున్నాను. నీకు తెలుసుగా, కాళ్ళతో తొక్కేముందు చక్రాన్ని కుడిచేత్తో మనవైపు తిప్పాలి. ఆ ఒక్క తిప్పుతోనే మిషను బతుకుతుంది. పట్టుకున్నాను. తిప్పాను. కదల్లేదు. వేళ్ళు జారిపోయాయి. రెండోసారి కూడా జారిపోయాయి. ఎడమచేత్తో తిప్పుదామంటే అడ్డంగా వంగాలి, అప్పుడు గుడ్డ ఎవరు పట్టుకుంటారు? మళ్ళీ దుప్పటి కప్పేసి అక్కడే కూర్చుని ఏడ్చాను. దాచడం దేనికి, బాగా ఏడ్చాను.

మీ అన్నయ్యని ఏమీ అడగలేదు. ఏమని అడగను? ఆయన చెప్పింది అబద్ధమైతే కదా పోట్లాడటానికి. వాడేవాళ్ళు లేని మాట నిజమే కదా.

ఇంటికొచ్చేసరికి నీ మిషను మీద ఎర్రదీపం వెలిగి ఉంది. ఎంత నొక్కినా ఆరలేదు. కాఫీ గోరువెచ్చగా, బద్ధకంగా దిగుతోంది. దానికీ ఓపిక పోయినట్టుంది. తీసుకెళ్ళి నీ ఆసుపత్రిలో పెట్టుకో. నావల్ల కాదు.

వదిన

*

పళ్ళ ఆసుపత్రి.
రోగులు కూర్చుని ఉన్నారు, ఉండనీ.

వదినా,

ఎర్రదీపం అంటే ఓపిక పోయిందని కాదు. గార పట్టిందని. నీళ్ళలో ఉండే సున్నం లోపలి గొట్టాలకి పేరుకుంటుంది. మా దగ్గరికొచ్చే వాళ్ళందరి పళ్ళకీ పట్టేది అలాంటిదే. గార పట్టిన పన్నుని ఎవరైనా పీకేస్తారా? గీకి, కడిగి పంపిస్తాం. నీ మిషనుకీ అంతే. నిమ్మఉప్పు ఒక చెంచాడు నీళ్ళ తొట్టిలో కలిపి, పాడ్ లేకుండా పోనివ్వు. సగంలో ఆపి, కాసేపు నాననిచ్చి, మిగతాది పోనివ్వు. తర్వాత మంచినీళ్ళు రెండు తొట్లు. ఈ కడగడం మాత్రం ఎగ్గొట్టకు, లేకపోతే నూనె కాఫీ తర్వాత పుల్ల కాఫీ తాగాల్సొస్తుంది.

నీ చెయ్యి సంగతి. నీ మొదటి ఉత్తరం ఎదురుగా పెట్టుకున్నాను. అందులో పేజీకి పది మాటలే పట్టాయి. నిన్నటి ఉత్తరంలో ఏడుపు కూడా సన్నటి అక్షరాల్లో ఏడ్చావు. "ళ" గుండ్రంగా వచ్చింది. "దుప్పటి"లో ఒత్తు చక్కగా కూర్చుంది. నీకు తెలియకుండా నీ వేళ్ళు పని చేస్తున్నాయి. కాఫీ మీట మొదటిరోజు మోచేత్తో దించావు. మరి ఇప్పుడో? నిజం చెప్పు.

మీటకీ చక్రానికీ తేడా ఎంత? అదీ పైనుంచి కిందికి దించేదే, ఇదీ పైనుంచి కిందికి దించేదే. ఆదివారం లోపల రోజూ వెళ్ళు. తిరక్కపోతే తిట్టుకుంటూ మళ్ళీ తిప్పు.

ఇంకొకటి. అన్నయ్యతో పోట్లాడు. తప్పకుండా పోట్లాడు. కాని ఆశ వదిలేశాడనుకోకు. నువ్వు పడిపోయినరోజు షాపు నేల మీద నిన్ను మొదట చూసింది ఆయనే. ఆ రోజు నాకు ఫోన్ చేసి మాట్లాడలేకపోయాడు, ఊపిరి తియ్యడం మాత్రం వినిపించింది. ఆయనకి నీ చెయ్యంటే కాదు భయం, ఆ గది అంటే భయం. ఈ సంగతి నేను చెప్పానని అనకు.

ఇంత చెప్పాక తాళంచెవి ఇచ్చావంటే నా అంత చెడ్డ ఆడపడుచు ఇంకెక్కడా ఉండదు.

గడబిడ

*

మన ఇల్లు!
సోమవారం, తెల్లారగానే.

బంగారు గడబిడా,

కూర్చో. నీ రోగులందర్నీ కూడా కూర్చోమను. అందరికీ చదివి వినిపించు.

ముందు గార. నిమ్మఉప్పు పోశాను. మిషను కాసేపు గొణిగి, దగ్గి, చివరికి ఏం కక్కిందనుకున్నావు! తెల్లటి పెచ్చులు, గోధుమరంగు నీళ్ళు, గిన్నె నిండా. ఇంత చెత్త కడుపులో పెట్టుకుని నాకు కాఫీ ఇచ్చినందుకు జాలేసింది. రెండు తొట్ల మంచినీళ్ళతో కడిగాను, ఎగ్గొట్టలేదు. ఎర్రదీపం టక్కున ఆరిపోయింది. వంటగదిలో ఒక్కదాన్నే చప్పట్లు కొట్టాను. రెండు చేతులూ కలిసి చప్పుడొచ్చిందే!

రోజూ కూరలకని చెప్పి షాపుకి వెళ్ళాను. ఇంట్లో కూరలు గుట్టపడ్డాయి. మీ అన్నయ్య చూసి, "బాగుంది, ఎక్కువే తెచ్చావు" అన్నాడు. చక్రం మొదట జరగలేదు. తర్వాత సూది కాస్త వంగి చూసి మళ్ళీ పైకెళ్ళిపోయింది. శనివారం కాఫీ మీట దించినట్టు అరచెయ్యి మొత్తం ఆనించి తోశాను. ఒక చుట్టు తిరిగింది. కాళ్ళు అందుకున్నాయి. ఉత్త గుడ్డపీలిక మీద కుట్టు పడింది. వంకరగా, తాగినవాడు నడిచినట్టు పడింది. కాని పడింది. అప్పుడు కూడా మీ అన్నయ్యకి చెప్పలేదు. చెబితే చూడకుండానే బాగుందంటాడని భయం.

ఆదివారం షాపు యజమాని వచ్చాడు. మీ అన్నయ్య తాళంచెవి బల్ల మీద పెట్టి, చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు. నేను లేచి కాఫీ మిషను దగ్గరికి నడిచాను. "కాఫీ తాగి వెళ్ళండి" అన్నాను. మీ అన్నయ్య లేవబోయాడు. "మీరు కూర్చోండి" అన్నాను.

పాడ్ పెట్టాను, నొక్కాను. మిషను గుర్రుమంది. ఉత్త గుర్రు. చుక్క నీళ్ళు రాలేదు! ఇద్దరు మగవాళ్ళు చూస్తుండగా! మీ అన్నయ్య మళ్ళీ లేచాడు. "వదిలెయ్యి, అలిసిపోతావు, నేను పెడతాను" అన్నాడు. ఆయన వైపు తిరక్కుండానే, "కూర్చోమన్నానా?" అన్నాను. పాత గొంతు, గడబిడా! ఎక్కడినుంచి వచ్చిందో నాకే తెలియదు. ఆయన ఠక్కున కూర్చున్నాడు.

ఇది గార రోగం కాదు, అది తీసేశాను. సూది రోగమైతే అర కప్పన్నా వచ్చేది. అంటే నీళ్ళు అసలు లోపలికే వెళ్ళడం లేదు. తొట్టి ఊడదీసి చూశాను. నీళ్ళున్నాయి, కాని పొద్దున తొట్టి కడిగాక సరిగ్గా కూర్చోబెట్టలేదు, అడుగున గాలి ఇరుక్కుంది. తొట్టి నిండా నింపి, టక్కుమనేదాకా నొక్కి కూర్చోబెట్టి, పాడ్ తీసి ఉత్తిగా పోనిచ్చాను. రెండుసార్లు త్రేన్చింది. తర్వాత ధార పడింది! నువ్వు చెప్పని రోగం కూడా నేనే కనిపెట్టాను. రాసిపెట్టుకో.

పాడ్ పెట్టి, ఎడమచేత్తో పట్టుకుని, కుడి వేళ్ళతో మీట దించాను. మోచెయ్యి కాదు, అరచెయ్యి కూడా కాదు, వేళ్ళతో. ఇద్దరికీ కాఫీ ఇచ్చాను. యజమాని ఒక గుక్క తాగి, "బాగుందమ్మా" అన్నాడు. బయటివాళ్ళు అలాగే అంటారు, అనాలి కూడా.

మీ అన్నయ్య ఒక గుక్క తాగాడు. ఆగాడు. కప్పులోకి చూశాడు. కళ్ళు చిట్లించాడు.

"ఇదేంటి, నీళ్ళలా ఉంది" అన్నాడు. "చిన్న పాడ్‌కి పెద్ద కప్పు బటను నొక్కావా? అంత రోగం కనిపెట్టినదానివి ఈమాత్రం చూసుకోవద్దూ?"

గడబిడా! కసురుకున్నాడే! మొహం చిట్లించి, కప్పు పక్కకి తోసి, నిజంగా కసురుకున్నాడు! నా జన్మలో ఇంత మంచి మాట వినలేదు. నవ్వాను. నవ్వుతూ ఏడ్చాను. యజమాని కంగారుపడి కప్పు కిందపెట్టేశాడు. మీ అన్నయ్యకి తనేమన్నాడో అప్పుడు తెలిసింది. ఆయన కళ్ళలో కూడా నీళ్ళు తిరిగాయి.

బల్ల మీది తాళంచెవి తీసుకుని నా గుప్పిట్లో పెట్టుకున్నాను. కుడి గుప్పిట్లో. "షాపు ఖాళీ చెయ్యడం లేదండీ" అన్నాను యజమానితో. ఆయన నవ్వి, "చెప్పుల వాళ్ళకి ఇంకో చోటు చూపిస్తాలే" అని లేచాడు.

ఆయన వెళ్ళాక మీ అన్నయ్య కప్పులు తీసి సింకులో పెట్టాడు. తర్వాత మెల్లిగా, "మళ్ళీ అక్కడ పడిపోతే?" అన్నాడు. ఆ మాట అడగడానికి ఆయనకి ఇన్ని నెలలు పట్టింది. "పడితే మీరే కదా లేపుతారు. ఒకసారి లేపారుగా" అన్నాను. "ఆ గదిలోకి వెళ్తే కాళ్ళు వణుకుతాయి నాకు" అన్నాడు. "నాకూ వణికాయి. పదండి, ఇద్దరం కలిసి వణుకుదాం" అన్నాను.

చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళాను. గుమ్మం దగ్గర ఆగిపోయాడు. నేను లోపలికెళ్ళి, దుప్పటి లాగేసి, కూర్చుని, చక్రం తోశాను. తిరిగింది. కాళ్ళు అందుకున్నాయి. గది నిండా ఆ చప్పుడు మోగింది. ఆయన గుమ్మం దాటి లోపలికొచ్చాడు. నా పక్కన నిలబడి, చెవి ఒగ్గి విని, ఏమన్నాడో తెలుసా?

"చప్పుడు మారింది. ఎన్నాళ్ళైంది నూనె వేసి?"

ఈ మిషనుకి వెయ్యొచ్చు కదే? వేశాను. పుణ్యానికి ఇంకో చుక్క కూడా.

నీ వదిన, దర్జీ

*

పళ్ళ ఆసుపత్రి,
పండగలా ఉంది ఇక్కడ.

దర్జీ వదినగారికి,

చదివి వినిపించాను. అందరికీ. దవడ వాచిన పెద్దాయన ఒకాయన, "నీళ్ళలా ఉంది" దగ్గర చప్పట్లు కొట్టి, నొప్పికి మూలిగి, మళ్ళీ కొట్టాడు. మా డాక్టరు, తొట్టిలో గాలి ఇరుక్కునే రోగం మా మిషనుకి కూడా ఉందని, మీ వదినని అడిగి సరిగ్గా రాయించుకోమన్నాడు. అంటే నీ పేరు ఇక్కడ మార్మోగుతోంది.

అన్నయ్య నాకు ఫోన్ చేశాడు. మొదటిమాటే, "మీ వదిన కాఫీ చెయ్యడం నేర్చుకోలేదింకా" అన్నాడు. ఆ తర్వాత ఆపకుండా నీ మీద ఫిర్యాదులు చేశాడు. వింటూ వింటూ నేను నేల మీద కూర్చుండిపోయాను. మా అన్నయ్య తిరిగొచ్చాడు వదినా.

నీలం కోటు పంపిస్తున్నాను. తొందర లేదు. మీట మాత్రం కుడిచేత్తోనే. గెలిచాం కదా అని ఎడమచేతికి మార్చావనుకో, కీలు పోతుంది.

గడబిడ

*

షాపు.
కత్తిరించే బల్ల మీదనుంచి.

గడబిడకి,

అక్షరాలు చొక్కా బొత్తాలంత అయ్యాయి చూడు. వ్యాయామం చేయించే అమ్మాయి ఇప్పుడు తన గౌను నాకే ఇచ్చింది కుట్టమని. కాఫీ మిషనుని కూడా షాపుకే తెచ్చాను. కొలతలివ్వడానికి వచ్చినవాళ్ళు ముందు కాఫీ అడుగుతున్నారు. చిన్న పాడ్‌కి చిన్న కప్పు బటను, పెద్ద పాడ్‌కి పెద్ద కప్పు బటను అని కాగితం మీద రాసి, మీ అన్నయ్యే గోడకి అంటించాడు. సాయంత్రాలు వచ్చి నేను కుట్టిన ప్రతి బొత్తాన్నీ లాగి చూస్తాడు. ఒకటి ఊడితే ఆయన మొహం వెలిగిపోతుంది. నాకు ఒళ్ళు మండిపోతుంది. ఇల్లు మళ్ళీ సందడిగా ఉంది.

ఇక కీలు సంగతి. ఎడమచేత్తో మీట దించితే కీలు అరిగిపోతుందని చెప్పావు. కుడిచేతి మిషను అన్నావు. ఒసే మాయలాడీ! మీ అన్నయ్యది ఎడమచేతి వాటం. ఒకే కంచంలో తిని పెరిగినదానివి, అది మర్చిపోయావు! పార్సిలు విప్పిన రోజునుంచీ ఆయన తెల్లారి లేచి తన కాఫీ తనే పెట్టుకుంటున్నాడు, ఎడమచేత్తో. కీలు నిక్షేపంలా ఉంది. మీట సరిగ్గా నడిమధ్యన ఉంది, దానికి కుడీ లేదు ఎడమా లేదు.

నాకెప్పుడు తెలిసిందనుకుంటున్నావు? నీ మొదటి ఉత్తరం చదివిన మర్నాడే. ఆయన దించుతుంటే చూసి నీ ఎత్తు అర్థమైంది. ఎందుకు ఊరుకున్నానా? అందరూ నా చెయ్యి బాగుంది బాగుంది అంటుంటే, నువ్వొక్కదానివే దానికి పని చెప్పావు. పని చెప్పేవాళ్ళ మాట వినాలనిపించింది.

నీలం కోటు దీంతోపాటే పంపిస్తున్నాను. చంకలు బాగుచేశాను, అస్తరు కొత్తది వేశాను. ఎడమ వైపు కుట్టు ఒకచోట కాస్త పక్కకి పోయింది. ఇదివరకైతే విప్పేసి మళ్ళీ కుట్టేదాన్ని. ఈసారి ఉంచేశాను. వేసుకుని అద్దంలో బాగా చూడు. ఏ లోపం కనిపించినా దాచకుండా ఉత్తరం రాయి, ఎంత పొడుగైనా చదువుతాను.

బాగుందని మాత్రం రాశావో, నీతో మాట్లాడను.

నీ వదిన